బేస్‌బాల్‌లో బంతి విసిరే పిచర్ల చేయి ఎందుకంత తొందరగా పోతుంది? మా బడి పిల్లవాడికి ఏం చెప్పమంటారు?

పెన్నా_ఒడ్డు_పీఈటీ (తాడిపత్రి) అడిగిన ప్రశ్న

నేను తాడిపత్రి పక్కన ఒక జెడ్పీ హైస్కూల్లో వ్యాయామం సారుని. పందొమ్మిదేళ్ళ సర్వీసు. ఖోఖో, కబడ్డీ, వాలీబాల్ అయితే నిద్రలో లేపి అడిగినా చెప్తాను. ఈ ప్రశ్న బేస్‌బాల్‌ది. మా చుట్టుపక్కల అడగడానికి మనిషి లేడు, అందుకే ఇక్కడ రాస్తున్నా.

మా దగ్గర పదో తరగతిలో ఒక పిల్లవాడున్నాడు. పదహారు నిండాయి. మధ్యలో ఒక ఏడాది చదువు ఆపి వాళ్ళ నాయనతో బండల ఫ్యాక్టరీకి పోయినాడు, మళ్ళీ బతిమాలి తెచ్చుకున్నాం. పేరు వద్దు, బడిలో అందరూ బుడ్డోడు అంటారు. మనిషి మాత్రం ఆరడుగులకి రెండంగుళాలే తక్కువ. జొన్నచేల కాపలాలో ఒడిసెలతో పిట్టల్ని తోలి తోలి తయారైన చేయి వాడిది. ఎనిమిదిలో జావెలిన్ ఇచ్చాను. తొమ్మిదిలో సాఫ్ట్‌బాల్. ఈ ఏడాది స్కూల్ గేమ్స్‌కి బేస్‌బాల్ జట్టు కట్టాల్సి వస్తే వాణ్ణే పిచర్‌గా నిలబెట్టాను. మట్టి పోసి దిబ్బ చేసుకున్నాం, దాని మీద కాలు ఆన్చడానికి లారీ టైరు ముక్క కోసి పాతాం. గ్లవ్స్ తొమ్మిది మందికి ఐదే ఉన్నాయి.

పోయిన నెల ఊళ్ళోకి క్రికెట్ అకాడమీ వాళ్ళు స్పీడ్ గన్ పట్టుకొని వచ్చారు. సరదాకి వీడితో వేయించాను. 118 కిలోమీటర్లు. మీటరు తప్పేమో అని ఇంకో రెండుసార్లు వేయించాం. 116, 118. ఆ రోజు నుంచి వాడికి నిద్ర లేదు, నాకూ లేదు.

ఇప్పుడు వాడి ఫోన్‌లో ఎప్పుడు చూసినా రింకు సింగ్, దినేష్ పటేల్ వీడియోలే. సంగతి మీకు తెలిసే ఉంటుంది. 2008లో మన దేశంలో ఒక అమెరికా ఏజెంటు పోటీ పెట్టాడు, పేరు మిలియన్ డాలర్ ఆర్మ్. ముప్పై వేల మందికి పైగా వచ్చి బంతి విసిరారు. గెలిచిందేమో యూపీ పల్లెల నుంచి వచ్చిన ఇద్దరు జావెలిన్ పిల్లలు. అంతకుముందు బేస్‌బాల్ చేత్తో పట్టినవాళ్ళు కూడా కాదు. అదే ఏడాది నవంబరులో పిట్స్‌బర్గ్ పైరేట్స్ ఇద్దరినీ తీసుకుంది. ఇంతవరకు మా బుడ్డోడికి కంఠతా వచ్చు.

తర్వాత కథ వాడు చూడడం లేదు, నేను చూశాను. ఫైనల్లో రింకు వేసింది గంటకు 87 మైళ్ళు, దినేష్ 90, అంటే మన లెక్కలో 140, 145 కిలోమీటర్లు. ఎక్కువ వేగం దినేష్‌ది. కానీ 2010 డిసెంబరుకల్లా దినేష్‌ని జట్టు వదిలేసింది. ఆడింది రెండు వేసవులు. ఎక్కువ దూరం పడ్డ బల్లెం గెలుస్తుంది, అది నాకు తెలిసిన లెక్క. ఎక్కువ వేగంగా వేసినవాడు ముందు ఇంటికి రావడం ఏ లెక్కో నాకు అంతుబట్టలేదు. తెలిసినవాళ్ళు చెప్పండి. వాడు అమెరికా అంటున్నాడు, అవునని చెప్పాలా, కాదని చెప్పాలా?

వాళ్ళమ్మ దగ్గరికి పోయి 'మీవాడు మంచి పిచ్చర్ అవుతాడమ్మా' అన్నాను. 'మాకు సినిమాలు వద్దు సార్, చదువుకోనీ' అంది. ఆమెకి పిచ్చర్ అంటే సినిమాయే కదా. ఆమెను ఒప్పించడం నాకు ఇంకో పని.

అన్నట్టు, పది రోజులుగా వాడు మోచేయి లోపలి పక్క రుద్దుకుంటున్నాడు. అడిగితే 'ఏం లేదు సార్' అంటాడు.

సిక్సర్ల_సీమ (అనంతపురం)

సార్, రింకు సింగ్ అంటే 2023 ఐపీఎల్‌లో ఆఖరి ఓవర్లో ఐదు సిక్సర్లు కొట్టినోడేనా? ఆయన అమెరికాలో బౌలింగ్ ఎప్పుడు వేశాడు?

పెన్నా_ఒడ్డు_పీఈటీ

ఆయన వేరే తమ్ముడూ. ఆయనది అలీగఢ్, ఈయనది భదోహి జిల్లా. ఇద్దరిదీ యూపీనే, ఇద్దరిదీ ఎడమచేతి వాటమే. నేనూ మొదట తికమక పడ్డాను.

ప్రొద్దుటూరు_టు_టాంపా

సార్, నేను ఫ్లోరిడాలో ఎనిమిదేళ్ళు ఉన్నాను. పైరేట్స్ వాళ్ళ శిక్షణ మైదానాలు బ్రాడెంటన్‌లో ఉన్నాయి, టాంపా నుంచి కారులో గంట దారి. మనవాళ్ళు ఆడిన చోటు కదా అని 2012 వేసవిలో ఒక శనివారం పోయాను. అప్పటికి దినేష్ లేడు, రింకు పై మెట్టుకు పోయాడు. అయినా ఆ చోటు చూశాక మీ ప్రశ్నకు సగం జవాబు నాకు దొరికింది.

మనం టీవీలో చూసే బేస్‌బాల్ వేరు, ఇది వేరు. దీన్ని రూకీ లీగ్ అంటారు, నిచ్చెనలో అట్టడుగు మెట్టు. మ్యాచ్ మధ్యాహ్నం పన్నెండింటికి. టికెట్ లేదు. చూసేవాళ్ళు ఇరవై మంది, అందులో సగం ఆటగాళ్ళ అమ్మానాన్నలు, మిగతా సగం స్పీడ్ గన్‌లు పట్టుకున్న స్కౌట్లు, అంటే ఆటగాళ్ళని వెతికేవాళ్ళు. మన ప్రొద్దుటూరు మే నెల ఎండ మాడుస్తుంది గానీ చెమట ఆరుతుంది. అక్కడ చెమట ఆరదు, చొక్కా పిండుకోవాలి. ఆ ఎండలో డొమినికన్ రిపబ్లిక్ నుంచి, వెనిజులా నుంచి వచ్చిన పద్దెనిమిదేళ్ళ పిల్లలు ఒకరి తర్వాత ఒకరు దిబ్బ ఎక్కి బంతి వేస్తున్నారు. నా పక్కన కూర్చున్న స్కౌట్ గన్‌లోకి తొంగి చూశాను. 91, 92, 90. ఎవరికీ ఆశ్చర్యం లేదు.

కాబట్టి మీ లెక్కకి జవాబు ఇదీ. వారణాసిలో 90 మైళ్ళంటే వింత. బ్రాడెంటన్‌లో అది గేటు పాసు. గేటు దాటాక అడిగేవి వేరే ఉంటాయి. 60 అడుగులకి పైన దూరంలో, బ్యాటర్ వెనక కూర్చొని బంతి పట్టే క్యాచర్ గ్లవ్ ఎక్కడ పెడితే అక్కడ పడేయగలవా? అదే చేయి ఊపుతో పది మైళ్ళు తక్కువ వేగం బంతి వేసి బ్యాటర్‌ని బోల్తా కొట్టించగలవా? మొదటి బేస్ (పరుగుకి దాటాల్సిన మజిలీ) మీద ఉన్న ఎదుటి జట్టువాడు రెండో బేస్‌కి దొంగతనంగా పోకుండా కన్నేసి ఉంచగలవా? ఆ డొమినికన్ పిల్లలకి ఇవి ఐదేళ్ళ వయసు నుంచి వీధిలోనే వచ్చేస్తాయి. మన దగ్గర బంతి చెట్టుకేసి కొట్టి క్యాచ్ పట్టుకున్నట్టే. రింకు, దినేష్ ఇవన్నీ పంతొమ్మిది, ఇరవై ఏళ్ళప్పుడు మొదలుపెట్టారు. 2008 మేలో అమెరికా పోయారు, టామ్ హౌస్ అనే పాత పిచర్ దగ్గర నేర్చుకున్నారు, నవంబరుకి సంతకాలు చేసేశారు. ఆరు నెలలు! ఒక్క ముక్క తెలుగు రానివాణ్ణి తెచ్చి ఆరు నెలల్లో అవధానంలో కూర్చోబెట్టినట్టు. రెండు వేసవులు నిలబడ్డాడంటే నేను దండం పెడతాను.

ఇంకోటి, అప్పట్లో అక్కడ ఏటా జూన్‌లో డ్రాఫ్ట్ ఉండేది, అంటే జట్లు వరసగా కొత్త ఆటగాళ్ళని ఎంచుకునే పద్ధతి. ఆ రోజుల్లో 50 రౌండ్లు. ఒక్కో జట్టు డజన్ల కొద్దీ కొత్త పిల్లల్ని తీసుకునేది. మైదానం పెరగదు, గదులు పెరగవు. కొత్తవాడు ఒకడు లోపలికి వచ్చాడంటే పాతవాడు ఒకడు బయటికి పోవాల్సిందే. ఇందులో కోపం, పక్షపాతం ఏమీ ఉండదు, బస్సులో సీట్ల లెక్క. జీతం కూడా అప్పట్లో ఆ మెట్టు మీద నెలకు 1,100 డాలర్ల చిల్లర, అదీ సీజన్ ఉన్నన్ని నెలలే. ఊళ్ళో వాళ్ళేమో లక్షాధికారి అయ్యాడనుకుంటారు.

రింకు ఎక్కువ నిలిచాడు. ఎడమచేతి పిచర్లు తక్కువ దొరుకుతారు కాబట్టి జట్లు వాళ్ళ మీద కొంచెం ఓపిక పడతాయి, అదొక కారణమని నా అభిప్రాయం. 2011, 2012లో వెస్ట్ వర్జీనియాలో ఆడాడు, మధ్యలో చలికాలం ఆస్ట్రేలియా పోయి కాన్‌బెర్రా జట్టుకి ఆడాడు. తర్వాత మోచేయి పోయింది, ఆపరేషన్ అయింది, మళ్ళీ నిలదొక్కుకోలేదు. 2018లో డబ్ల్యూడబ్ల్యూఈ కుస్తీలోకి పోయాడు. వీర్ మహాన్ అని చూసుంటారు, బొట్టు పెట్టుకొని ఉంటాడే, ఆయనే.

పది_చక్రాలు (ఎర్రగుంట్ల)

సార్, మోచేయి రుద్దుకుంటున్నాడన్న మాట మీరు ప్రశ్న చివర్లో 'అన్నట్టు' అని పెట్టారు. అది మొదట రావాల్సిన మాట. 118ని చివర్లో పెట్టండి.

కోపగించుకోకండి. నా సంగతి చెప్తాను. నేను కడప జిల్లా అండర్-19కి ఫాస్ట్ బౌలర్‌ని. ఇరవై ఏళ్ళ కిందటి మాట. ఎర్రగుంట్ల సిమెంటు దుమ్ములో ఆడి పెరిగినోళ్ళం, ఎర్ర బంతి తెచ్చినా తెల్ల బంతి తెచ్చినా సాయంత్రానికి బూడిద రంగే. నా బంతి లోపలికి తిరిగేది. అది నేర్పిందెవరో అడగొద్దు, దానంతటదే తిరిగేది. అనంతపురంలో ఒక జిల్లాల పోటీలో రెండు రోజుల్లో ముప్పై ఓవర్లు వేశాను. మూడో రోజు పొద్దున తల దువ్వుకుందామని దువ్వెన పైకెత్తితే చెవి దాకా పోయి చేయి ఆగిపోయింది. గదిలో పిల్లలు నవ్వారు, నేనూ నవ్వాను. ఎడమ చేత్తో దువ్వుకొని పోయి ఇంకో పదకొండు ఓవర్లు వేశాను.

చూసుకునే పెద్దాయన ఐస్ పెట్టుకోమన్నాడు. ఇంటికొచ్చాక మా వీధి ఆరెంపీ సూది వేశాడు. సూది వేస్తే రెండు రోజులు బాగుండేది. సూదికి రెండు రోజులు, మ్యాచ్‌కి రెండు రోజులు, సరిగ్గా సరిపోయింది అనుకున్నాను. అట్లా మూడు సీజన్లు. నొప్పి ఉందని బయటికి చెప్తే పక్కనోడు జట్టులోకి వస్తాడు, ఆ భయం. మీ బుడ్డోడు 'ఏం లేదు సార్' అంటున్నాడే, ఆ మాట నేను కూడా శానాసార్లు చెప్పినా సార్. ఆ మాటకి అర్థం ఏందో నాకు తెలుసు.

చివరికి బెంగళూరుకి పోయి స్కానింగ్ తీయించుకునేటప్పటికి పెళ్ళయింది, టిప్పర్ లోను కంతులు నడుస్తున్నాయి. భుజం లోపల నరం తెగి ఎన్నో ఏళ్ళయిందన్నాడు డాక్టరు. ఆ వరండాలో నంబరు పిలిచేదాకా కూర్చొని ఫోన్‌లో భుజం పోయిన బౌలర్ల గురించి వెతుకుతుంటే ఒక బేస్‌బాల్ ఆయన ఫోటో వచ్చింది. బుర్ర నిండా ఉంగరాల జుట్టు, దిబ్బ మీద మోకాళ్ళ మీద కూర్చొని చేత్తో మట్టి చదును చేస్తున్నాడు. పేరు మార్క్ ఫిడ్రిచ్. అందరూ 'ది బర్డ్' అనేవాళ్ళంట, అంటే పిట్ట. ఆ రోజు నుంచి ఆ పిట్ట నన్ను వదల్లేదు.

1976. ఆయనకి 21 ఏళ్ళు. డెట్రాయిట్ టైగర్స్‌లో ఆఖరి వరసలో చోటు దొరికింది, జీతం ఏడాదికి 16,500 డాలర్లు. ఏప్రిల్ అంతా దాదాపు బెంచీ మీదే. మే 15న మొదటి బంతి నుంచి వేసే అవకాశం ఇస్తే మ్యాచ్‌లో ఉండే తొమ్మిది ఇన్నింగ్స్‌లూ ఆయనే వేసి, ఎదుటి జట్టుకి రెండే హిట్లు (బ్యాటర్ కొట్టి బేస్ చేరినవి) ఇచ్చి 2-1తో గెలిపించాడు. ఇంక చూడు. బంతితో మాట్లాడతాడు. దిబ్బను గ్రౌండ్ వాళ్ళను ముట్టుకోనీడు, మొక్కకి పాదు చేసినట్టు చేతులతో సర్దుకుంటాడు. ఒక బంతిని బ్యాటర్ కొట్టాడంటే అందులో ఇంకా హిట్లున్నాయని అంపైర్‌కి తిరిగి ఇచ్చేస్తాడు. జనం వెర్రెత్తిపోయారు. జూన్ 28న న్యూయార్క్ యాంకీస్ జట్టుతో మ్యాచ్ దేశమంతా టీవీలో వచ్చింది, 5-1తో గెలిచి లోపలికి పోతే స్టేడియంలో జనం కదలకుండా ఆయన బయటికి వచ్చేదాకా అరిచారు. ఆ ఏడాది 19 గెలుపులు, 9 ఓటములు, ఆ లీగ్‌లో కొత్త ఆటగాళ్ళలో మేటి అన్న బహుమతి.

ఇదంతా రాస్తే సినిమాలాగా ఉంటుంది. నాకు ముఖ్యమైంది ఇంకో అంకె. ఆ ఏడాది 29 మ్యాచ్‌లు మొదలుపెట్టాడు, 24 మ్యాచ్‌లు చివరి బంతి దాకా తనే వేశాడు. ఇప్పుడు పెద్ద పిచర్లు ఏడాదికి రెండో మూడో అట్లా వేస్తే గొప్ప. ఇరవై ఒక్కేళ్ళ పిల్లోడి చేత 250 ఇన్నింగ్స్ వేయించారు. ఎవరి తప్పు? టికెట్లు అమ్ముడుపోతున్నాయి, పిల్లోడు వేస్తానంటున్నాడు, ఎవరు ఆపుతారు? నన్ను ఎవరు ఆపారు?

మరుసటి ఏడాది సాధన మొదట్లోనే బంతి పట్టబోయి మోకాలు చెడింది. ఆపరేషన్ చేయించుకొని తొందరగా వచ్చేశాడు. ఆ జూలైలో ఒక మ్యాచ్ మధ్యలో చేయి చచ్చుబడినట్టయింది. నొప్పి కూడా కాదంట, చేతిలో ఏమీ లేనట్టు. ఆ మాట చదివినప్పుడు నాకు దువ్వెన గుర్తొచ్చింది. 1980 దాకా వస్తూ పోతూ ఉన్నాడు, తర్వాత బోస్టన్ వాళ్ళ చిన్న లీగ్‌లో 1983 దాకా ప్రయత్నం చేశాడు. మొత్తం 58 మ్యాచ్‌లు, 29 గెలుపులు, అందులో 19 ఆ ఒక్క ఏడాదివే. ఆట వదిలేశాక 1985లో గానీ ఒక డాక్టరు భుజం లోపల చూసి, చిరిగి ఉందని చెప్పలేదు. ఎనిమిదేళ్ళు సార్. ఎనిమిదేళ్ళు చిరిగిన భుజంతో తిరిగాడు. ఇన్నేళ్ళు 'ఏం లేదు సార్' అనే ఉంటాడు.

తర్వాత ఏం చేశాడంటే, సొంతూరు నార్త్‌బరోకి పోయి పొలం చేసుకున్నాడు, పది చక్రాల టిప్పర్ కొని కంకర తోలాడు. నేను బెంగళూరు వరండాలో ఇది చదివి గట్టిగా నవ్వాను, పక్కన కూర్చున్న ముసలాయన భయపడ్డాడు. నాదీ పది చక్రాలే, నేనూ కంకరే, అప్పుడప్పుడు నాపరాళ్ళు. అమెరికా స్టార్‌కీ ఎర్రగుంట్ల వాడికీ భుజం పోతే చివరికి టిప్పరేనా అనుకున్నా.

2009 ఏప్రిల్ 13న ఆయన ఆ టిప్పర్ కిందే చనిపోయాడు. కిందికి దూరి ఏదో సరిచేస్తుంటే తిరుగుతున్న పీటీఓ షాఫ్ట్‌లో బట్టలు చుట్టుకున్నాయి. టిప్పర్ నడిపేవాళ్ళకి తెలుసు, తొట్టిని పైకి లేపే పంపుకి ఇంజన్ నుంచి పోయే షాఫ్ట్ అది. 54 ఏళ్ళు ఆయనకి. అది చదివిన రోజు నుంచి నా బండి కిందికి ఇంజన్ ఆపకుండా ఎవరినీ పోనివ్వను. లుంగీ కట్టుకొని అసలు పోనివ్వను. మా డ్రైవర్లకి ఫిడ్రిచ్ ఎవరో తెలీదు గానీ, 'పిట్టాయన సంగతి మర్చిపోయినావా' అంటే ఇంజన్ ఆపుతారు.

మీ దినేష్ పటేల్ గురించి. ఇరవై ఒకటో ఏట ఇంటికి వచ్చాడు, చదువు చూసుకున్నాడు, పిల్లలకి ఆట నేర్పాడు అని చదివాను. నేను ఇరవై ఒకటో ఏట ఇంకా ఆరెంపీ ముందు చొక్కా విప్పి కూర్చొని ఉన్నాను. ఎవరిది పొట్టి కెరీరో మీరే చూసుకోండి. అమెరికా పోవాలా వద్దా నాకు తెలీదు సార్. వాణ్ణి రేపు పొద్దున బస్సెక్కించి అనంతపురంలో ఎముకల డాక్టరు దగ్గరికి తీసుకుపోండి. ఛార్జీలకి ఇబ్బంది అయితే ఇక్కడ చెప్పండి.

కర్నూలు_ఫిజియో

పది చక్రాల అన్నా, మీరు రాసింది మా దగ్గరికి వచ్చే పిల్లలందరికీ చదివి వినిపించాలని ఉంది. ఒక్క చిన్న దిద్దుబాటు. తెగింది నరం కాదు, కండరాన్ని ఎముకకి కట్టే తాడు. నరం తెగితే కథ వేరే. మన జిల్లాల్లో అన్నిటినీ నరం అనేస్తారు, డాక్టర్లు కూడా అట్లాగే చెప్పేస్తారు.

సార్, మీ పిల్లవాడి విషయం. క్రికెట్ బౌలర్ చేయి చాచి వేస్తాడు కాబట్టి భారం నడుము మీద, భుజం మీద పడుతుంది. పిచర్ మోచేయి మడిచి కొరడాలాగా విదిలిస్తాడు. జావెలిన్ కూడా అంతే. ఆ విదిలింపులో మోచేయి లోపలి పక్క ఉన్న లిగమెంట్, అంటే ఎముకని ఎముకకి కట్టే కట్టు, సాగుతుంది. రింకుకి పోయింది మోచేయే, చూశారు కదా.

అయితే పదహారేళ్ళ వాడికి లిగమెంట్ కన్నా ముందు ఎముక పెరిగే చోటు దెబ్బతింటుంది. ఆ వయసులో మోచేయి లోపలి బుడిపె ఇంకా పూర్తిగా అతుక్కొని ఉండకపోవచ్చు, లాగి లాగి అది ఊడి వస్తుంది. అందుకని రెండు మోచేతులకీ ఎక్స్‌రే తీయించండి, ఒక్కదానికి కాదు. పక్కపక్కన పెట్టి చూస్తేనే తేడా తెలుస్తుంది. ఎంఆర్ఐ కావాలో వద్దో తర్వాత డాక్టరు చెప్తారు. సూదులు వద్దు. మసాజ్ చేసే తాత దగ్గరికి అసలు వద్దు.

లిగమెంట్ పూర్తిగా తెగినా దారి ఉంది. 1974లో ఫ్రాంక్ జోబ్ అనే డాక్టరు టామీ జాన్ అనే పిచర్‌కి మొదటిసారి ఈ ఆపరేషన్ చేశారు, ముంజేతి నుంచి ఒక తాడు తీసి మోచేతిలో కట్టారు. ఆయన ఏడాదిన్నర కూర్చొని మళ్ళీ వచ్చి 1989 దాకా ఆడాడు, మొత్తం 288 గెలుపుల్లో 164 ఆపరేషన్ తర్వాతవే. ఆ తాడు ఎక్కడుంటుందో చూడాలంటే బొటనవేలు, చిటికెనవేలు ఆనించి మణికట్టు కొంచెం వంచండి. మధ్యలో పైకి తేలేది అదే. కొందరికి పుట్టుకతోనే ఉండదు, భయపడొద్దు, లేకపోయినా ఏ పనీ ఆగదు. నీరజ్ చోప్రాకి కూడా 2019లో కుడి మోచేతికి ఆపరేషన్ అయింది (అది వేరే రకం). 2021 టోక్యోలో 87.58 మీటర్లు విసిరింది ఆ చేత్తోనే. కానీ ఇవన్నీ చూసి 'తెగితే కట్టించుకోవచ్చులే' అనుకునే పిల్లలు కూడా ఉన్నారు, అందుకే చెప్పడానికి నాకు భయం.

ఒక్క ప్రశ్న అడుగుతాను, నిజం చెప్పండి. మీవాడు రోజుకి ఎన్ని బంతులు వేస్తున్నాడు? అమెరికాలో 15, 16 ఏళ్ళ పిచర్లకి రోజుకి 95 మించకూడదని, అన్ని వేస్తే తర్వాత రోజుల తరబడి చేయి ముట్టుకోకూడదని నియమం పెట్టుకున్నారు. అది కూడా నొప్పి లేని చేతికి.

పెన్నా_ఒడ్డు_పీఈటీ (పన్నెండు రోజుల తర్వాత)

ఆలస్యానికి క్షమించండి. మధ్యలో పరీక్షల డ్యూటీ పడింది.

ఫిజియో మేడం అడిగిన ప్రశ్నకి ముందు జవాబు. నేను ఎప్పుడూ లెక్కపెట్టలేదు. ఆ రాత్రి వాణ్ణి కూర్చోబెట్టి కాగితం మీద రాయించాను. పొద్దున జావెలిన్ నలభై, సాయంత్రం పిచింగ్ నూట ఇరవై పైన, ఆ తర్వాత మ్యాచ్ పెట్టుకుంటే థర్డ్ బేస్ దగ్గర నిలబెట్టేది కూడా వాణ్ణే, ఎందుకంటే అక్కడి నుంచి ఫస్ట్ బేస్‌కి వేయగలిగిన చేయి ఇంకోటి లేదు. వారానికి ఆరు రోజులు. సెలవు రోజున పిట్టల కాపలా. కాగితం చూసి వాడు గర్వంగా నవ్వాడు. నాకు నోట మాట రాలేదు. వాడి చేయి పాడు చేస్తున్నది అమెరికా కాదు, నేను.

అనంతపురం పోయాం. రెండు చేతులకీ ఎక్స్‌రే తీశారు. లోపలి బుడిపె దగ్గర కుడివైపు సందు ఎక్కువ ఉంది. ఊడలేదు, వాచింది. ఆరు వారాలు ఏమీ విసరకూడదు, రాయి కూడా. తర్వాత మళ్ళీ చూపించుకొని మెల్లగా మొదలుపెట్టాలి. రాష్ట్రం సెలక్షన్లు ఈ నెలాఖరునే. పోయినట్టే. బస్సులో తాడిపత్రి దాకా వాడు కిటికీలోంచి బయటికి చూస్తూనే ఉన్నాడు. మూడు రోజులు నాతో మాట్లాడలేదు. వాళ్ళమ్మ ఒక్కతే సంతోషంగా ఉంది. 'పిచ్చర్ ఆగిపోయిందంట కదా సార్' అని ఇంట్లో చెనక్కాయలు ఒక సంచి పంపింది.

నాలుగో రోజు మైదానానికి వచ్చాడు. నేను అరవబోయే లోపు ఎడమ చేత్తో బంతి తీసుకొని వేశాడు. అది క్యాచర్ని వదిలేసి హెడ్మాస్టర్ గారి గది కిటికీ దగ్గర పడింది. అద్దం పగల్లేదు, ఆయన నోరు మాత్రం తెరుచుకుంది. ఇప్పుడు వాడికి పని అప్పగించాను. ఒక నోటుబుక్, ఒక పెన్ను. పిచింగ్ వేసే ఇద్దరు చిన్నపిల్లల బంతులు లెక్కపెట్టి రాయాలి, అరవై కాగానే బంతి లాక్కోవాలి. నిన్న యాభై తొమ్మిదికే లాక్కున్నాడని గొడవ.

పది చక్రాల అన్నా, ఛార్జీలు సరిపోయాయి, అడిగినందుకు సంతోషం. మీరు రాసిందంతా వాడికి చదివి వినిపించాను. షాఫ్ట్ సంగతి దగ్గర వాళ్ళ నాయన కూడా వచ్చి నిలబడి విన్నాడు. బుడ్డోడికి ఒక్క అనుమానం మిగిలిపోయింది, మిమ్మల్నే అడగమన్నాడు. ఆ పిట్టాయన బంతితో ఏం మాట్లాడేవాడంట?

పది_చక్రాలు (ఎర్రగుంట్ల)

బంతితో కాదని ఆయనే చెప్పుకున్నాడు సార్. తనకు తానే చెప్పుకునేవాడంట, ఎట్లా వేయాలో, ఎక్కడ వేయాలో. చూసేవాళ్ళకి బంతితో మాట్లాడినట్టు కనిపించేది. లోడుతో గువ్వలచెరువు ఘాట్ దిగేటప్పుడు నేనూ అట్లాగే మాట్లాడుకుంటా, మా క్లీనరు స్టీరింగ్‌తో మాట్లాడుతున్నానని అనుకుంటాడు.

ఆరు వారాలు అయినాక రాయండి. ఎక్స్‌రే ఏమొచ్చిందో ముందు, స్పీడ్ ఎంతో తర్వాత.